రెండు చుట్ల పరుగు, వందేళ్ల పరీక్ష

2025 సెప్టెంబరు 21న టోక్యోలో ప్రపంచ అథ్లెటిక్స్ చాంపియన్‌షిప్ మహిళల 800 మీటర్ల ఫైనల్ జరిగింది. అందరి చూపూ పారిస్ ఒలింపిక్ విజేత, బ్రిటన్ రన్నర్ కీలీ హాడ్జ్‌కిన్సన్ మీదే. తొలి చుట్టులో కెన్యాకు చెందిన మేరీ మోరా వేగం పెంచేసి అందరినీ లాక్కుపోయింది. ఆఖరి మలుపు తిరిగేసరికి పతకాలు ఎవరివో తేలిపోయినట్టే అనిపించింది. అప్పుడు వెనక నుంచి లిలియన్ ఒడీరా అనే మరో కెన్యా రన్నర్ వచ్చి, అందరినీ దాటి, 1 నిమిషం 54.62 సెకన్లలో గీత తాకింది. బ్రిటన్‌కే చెందిన జార్జియా హంటర్ బెల్ 1:54.90తో రజతం, హాడ్జ్‌కిన్సన్ 1:54.91తో కాంస్యం అందుకున్నారు. ఆ ఇద్దరి మధ్య తేడా సెకనులో నూరో వంతు.

ఒడీరా ఇద్దరు పిల్లల తల్లి. ఆ రోజు ఆమె తిరగరాసిన చాంపియన్‌షిప్ రికార్డు 1983లో, హెల్సింకీలో జరిగిన మొట్టమొదటి ప్రపంచ చాంపియన్‌షిప్‌లో, చెకొస్లొవేకియా రన్నర్ యర్మిలా క్రతోఖ్‌విలోవా నెలకొల్పింది: 1:54.68. సెకనులో నూటికి ఆరు వంతులు తగ్గించడానికి నలభై రెండేళ్లు పట్టింది.

ఎందుకు పట్టిందన్న ప్రశ్నకు జవాబు వెతుకుతూ పోతే మహిళల మధ్యదూర పరుగు చరిత్ర మొత్తం కళ్ల ముందుకొస్తుంది. ఆ చరిత్ర మూడు అనుమానాల చుట్టూ నడిచింది. ఆడవాళ్లు ఇంత దూరం తట్టుకోగలరా? వాళ్ల టైమింగులు నమ్మదగ్గవేనా? పరిగెత్తేవాళ్లు అసలు ఆడవాళ్లేనా? ఈ మూడు అనుమానాలూ ఒకలాంటివి కావు. మొదటిది పచ్చి అబద్ధం మీద నిలబడింది. రెండోదానికి గట్టి ఆధారాలున్నాయి. మూడోది నిజంగా చిక్కు ప్రశ్న. కానీ మూడింటిలోనూ జరిగింది ఒకటే. నిరూపించుకోవాల్సిన భారం రన్నర్ నెత్తిన పడింది, తప్పు చేసిన వ్యవస్థలు తప్పించుకున్నాయి.

ఈ పరుగు ఎందుకంత కష్టం

800 అంటే ట్రాక్ మీద రెండు చుట్లు, 1500 అంటే మూడు ముప్పావు చుట్లు. వంద మీటర్లలో ఆలోచనకు వ్యవధి ఉండదు. మారథాన్‌లో తప్పు దిద్దుకోవడానికి వ్యవధి ఉంటుంది. 800లో ఆలోచించి తీరాలి, ఆలోచన తప్పితే దిద్దుకునే వీలుండదు. మేటి రన్నర్లు మామూలుగా మొదటి చుట్టు రెండోదానికన్నా వేగంగా పరిగెడతారు. చివరి నూట యాభై మీటర్లలో కాళ్లు బిగుసుకుపోతాయి. అప్పటికీ అడుగు పొడవు తగ్గకుండా కాచుకోగలిగినవారిదే గెలుపు. పైనుంచి చూసేవాళ్లకు ఎవరో ఒక్కసారిగా వేగం పెంచినట్టు కనిపిస్తుంది. నిజానికి అందరూ నెమ్మదిస్తుంటారు, గెలిచే మనిషి తక్కువ నెమ్మదిస్తుంది.

నిబంధనలూ అంతే కఠినం. 800లో మొదటి మలుపు పూర్తయ్యేదాకా ఎవరి లేన్‌లో వాళ్లే ఉండాలి. ఆ తర్వాత ట్రాక్ మీద అడ్డంగా ఒక గీత ఉంటుంది. దాన్ని దాటాకే లోపలి లేన్‌కు జరగాలి. ఈ గీత విలువ ఎంతో తెలియాలంటే 1986 సియోల్ ఆసియా క్రీడలు గుర్తు చేసుకోవాలి. కేరళకు చెందిన షైనీ అబ్రహాం 800 ఫైనల్లో అందరికన్నా ముందు ముగించింది. కానీ గీత రాకముందే లోపలికి జరిగిందని తేలడంతో అనర్హురాలైంది. రెండు చుట్లూ గెలిచి, ఒక్క అడుగు తొందరపాటుకు స్వర్ణం పోగొట్టుకుంది.

రికార్డు కోసం ఏర్పాటు చేసే రేసుకూ చాంపియన్‌షిప్ రేసుకూ పోలిక లేదు. రికార్డు ప్రయత్నంలో ముందుండి వేగం నడిపించే పేసర్లు ఉంటారు, ట్రాక్ అంచున వేగాన్ని చూపే దీపాలు వెలుగుతుంటాయి. చాంపియన్‌షిప్‌లో పేసర్లు ఉండరు. హీట్స్, సెమీస్, ఫైనల్ అంటూ కొద్ది రోజుల్లోనే మూడుసార్లు పరిగెత్తాలి. పారిస్ ఒలింపిక్స్‌లోనైతే హీట్స్‌లో వెనకబడ్డవారికి రెపఛాజ్ అనే మరో రౌండు కూడా వచ్చింది. ముందుకెళ్లి గాలిని చీల్చాలా, వెనక నిలిచి కాచుకోవాలా అన్నది ఎవరికి వారే తేల్చుకోవాలి. కాబట్టి ఒక రన్నర్ అసలు సత్తా ఏమిటో చెప్పేది చాంపియన్‌షిప్పే.

మొదటి అనుమానం: తట్టుకోగలరా?

ఒలింపిక్స్‌లో మహిళల అథ్లెటిక్స్ మొదలైంది 1928 ఆమ్‌స్టర్‌డామ్‌లో. అదీ ఎవరో దయతలచి ఇచ్చింది కాదు. ఫ్రాన్స్‌కు చెందిన ఆలిస్ మిలియా 1922లో పారిస్‌లో, 1926లో గోథెన్‌బర్గ్‌లో మహిళలకు విడిగా అంతర్జాతీయ క్రీడలు జరిపి చూపించాక, ఆ ఒత్తిడికి లొంగి ఐదు అంశాలు చేర్చారు. వాటిలో 800 ఒకటి.

ఆగస్టు 2న ఫైనల్. బరిలో తొమ్మిది మంది. జర్మనీకి చెందిన లీనా రాడ్కే 2 నిమిషాల 16.8 సెకన్ల ప్రపంచ రికార్డుతో గెలిచింది. రెండో స్థానం జపాన్ అమ్మాయి కినుయే హితోమిది. ఆమె 100 మీటర్ల సెమీస్‌లో ఓడిపోయి, ఖాళీ చేతులతో ఇంటికెళ్లడం ఇష్టం లేక, తనకు అలవాటే లేని 800కు దిగింది. జపాన్‌కు ఒలింపిక్ పతకం తెచ్చిన తొలి మహిళ అయింది. మూడో స్థానంలో స్వీడన్ రన్నర్ ఇంగా గెంట్జెల్. ముగ్గురూ అప్పటిదాకా ఉన్న ప్రపంచ రికార్డు కన్నా వేగంగా పరిగెత్తారు.

మర్నాడు పత్రికల్లో వచ్చింది వేరు. పదకొండు మంది పరిగెత్తారనీ, వారిలో ఐదుగురు మధ్యలోనే ఆగిపోయారనీ, మరో ఐదుగురు గీత దాటగానే కుప్పకూలారనీ అమెరికాలో రాశారు. పరిగెత్తింది తొమ్మిది మంది, తొమ్మిది మందీ రేసు పూర్తి చేశారు. ప్రాణం పెట్టి పరిగెత్తినవాళ్లు గీత దాటాక నేలమీద పడి ఊపిరి తీసుకోవడం ఈనాటికీ ఆడా మగా అందరిలో చూసేదే. కానీ ఆ వార్తలనే సాక్ష్యంగా తీసుకున్న క్రీడా పెద్దలు మహిళల 800ను ఒలింపిక్స్ నుంచి తొలగించారు. మళ్లీ చేర్చింది 1960 రోమ్‌లో. మధ్యలో ముప్పై రెండేళ్లు పోయాయి. హితోమి ఆ ఫైనల్ జరిగిన సరిగ్గా మూడేళ్లకు, 1931 ఆగస్టు 2న, ఇరవై నాలుగేళ్లకే కన్నుమూసింది. ఎవరో అల్లిన కథ ఒక తరానికి తరాన్నే ట్రాక్ మీదికి రానివ్వలేదు.

తలుపు తెరిచాక ఏం జరిగిందో చూడండి. 1960లో సోవియట్ రన్నర్ ల్యుద్మిలా షెవ్‌త్సోవా 2:04.3తో గెలిచింది. 1964 టోక్యోలో బ్రిటన్‌కు చెందిన ఆన్ ప్యాకర్ 2:01.1కు తెచ్చింది. 1968లో అమెరికన్ మ్యాడలిన్ మ్యానింగ్ 2:00.9కు, 1972 మ్యూనిక్‌లో హిల్డెగార్డ్ ఫాల్క్ 1:58.55కు దించారు. పన్నెండేళ్లలో దాదాపు ఆరు సెకన్లు. 1500 మీటర్లను మహిళలకు మొదటిసారి పెట్టిందీ మ్యూనిక్‌లోనే. అక్కడ ల్యుద్మిలా బ్రాగినా హీట్‌లో ఒకటి, సెమీస్‌లో ఒకటి, ఫైనల్లో ఒకటి, మూడు రౌండ్లలో మూడు ప్రపంచ రికార్డులు పెట్టింది. తట్టుకోగలరా అన్నవాళ్లకు అంతకు మించిన జవాబు అక్కర్లేదు.

ఆ అనుమానం పూర్తిగా చచ్చిపోలేదు, తల్లి అయ్యాక పరిగెత్తగలరా అని రూపం మార్చుకుంది. అమెరికన్ 800 రన్నర్ అలీషియా మోంటానో 2014లో ముప్పై నాలుగు వారాల గర్భంతో జాతీయ చాంపియన్‌షిప్‌లో పరిగెత్తింది. గర్భం దాల్చిన క్రీడాకారిణులకు స్పాన్సర్లు డబ్బు కోత పెడుతున్నారని ఆమె 2019లో బయటపెట్టాక, నైకీ వంటి పెద్ద కంపెనీలు ఒప్పందాలు మార్చుకున్నాయి. కెన్యా దిగ్గజం ఫెయిత్ కిప్యెగాన్ 2018లో బిడ్డను కన్నది. తిరిగొచ్చి టోక్యోలో, పారిస్‌లో 1500 ఒలింపిక్ స్వర్ణాలు గెలిచింది. 2016 రియోతో కలిపి వరుసగా మూడు. ప్రపంచ చాంపియన్‌షిప్ 1500లో 2017, 2022, 2023, 2025ల్లో నాలుగు స్వర్ణాలు. ఒడీరా గెలుపూ ఈ వరుసలోదే.

రెండో అనుమానం: టైమింగులు నిజమేనా?

మహిళల 800 ప్రపంచ రికార్డు 1:53.28. క్రతోఖ్‌విలోవా 1983 జులై 26న మ్యూనిక్‌లో పెట్టింది. ట్రాక్ మీద వ్యక్తిగత రికార్డుల్లో ఇంతకాలంగా నిలిచింది మరొకటి లేదు. దాని వెనకే 1980 మాస్కో ఒలింపిక్స్‌లో నదేజ్దా ఒలిజారెంకో పరిగెత్తిన 1:53.43 ఉంది. ఆ తర్వాత బూట్లు మారాయి, ట్రాకులు మారాయి, శిక్షణ శాస్త్రం మారింది. అయినా 2024లో హాడ్జ్‌కిన్సన్ 1:54.61 పరిగెత్తితే గొప్ప అనుకున్నాం.

క్రతోఖ్‌విలోవా ఏ పరీక్షలోనూ పట్టుబడలేదు. ఆరోపణలను ఆమె ఎప్పుడూ ఖండిస్తూనే వచ్చింది. కాబట్టి ఆమెను దోషి అనే హక్కు ఎవరికీ లేదు. అయితే ఆ కాలం మీద అనుమానం మాత్రం గాలి మాట కాదు. తూర్పు జర్మనీ ప్రభుత్వమే రహస్య పథకం నడిపి, మైనర్ బాలికలతో సహా క్రీడాకారులకు హార్మోన్ మాత్రలు మింగించిందని ఆ దేశం కూలిపోయాక బయటపడ్డ కాగితాలు చూపించాయి. పోటీలు లేని రోజుల్లో ఇంటికెళ్లి పరీక్షించే పద్ధతి ఆ దశాబ్దం చివరిదాకా గట్టిపడలేదు. పరీక్షించాల్సినవాళ్లు పరీక్షించలేదు. అందుకే ఆనాటి నిజాయితీపరులు కూడా తమ నిజాయితీని ఈనాటికీ రుజువు చేసుకోలేకపోతున్నారు.

1500 కథ కొంచెం మెరుగు. చైనా రన్నర్ క్యు యున్‌షియా 1993లో బీజింగ్‌లో పెట్టిన 3:50.46 ఇరవై రెండేళ్లు కదల్లేదు. 2015లో ఇథియోపియాకు చెందిన గెంజెబె దిబాబా మొనాకోలో 3:50.07కు దించింది. 2023లో కిప్యెగాన్ 3:49.11, 2024లో 3:49.04, 2025 జులై 5న యుజీన్‌లో 3:48.68 పరిగెత్తింది. కొత్త తరం స్పైక్స్, దారి చూపే దీపాలు ఇందులో సాయపడ్డాయన్నది నిజం. అయినా ఆ రన్నరే పేసర్లు లేని పారిస్ ఒలింపిక్ ఫైనల్లో 3:51.29, 2025 టోక్యో ప్రపంచ ఫైనల్లో 3:52.15 పరిగెత్తి ఎదురులేకుండా గెలిచింది. గడియారం చెప్పేదీ పతకాలు చెప్పేదీ ఒకటైనప్పుడు నమ్మకం కుదురుతుంది.

పతకాల పట్టికకు మాత్రం మకిలి అంటలేదా? అంటింది. 2012 లండన్ ఒలింపిక్స్ మహిళల 1500 చూడండి. తొలి రెండు స్థానాల్లో నిలిచిన టర్కీ రన్నర్లు అస్లీ చాకిర్ ఆల్ప్‌తెకిన్, గామ్జె బులుత్ పతకాలు డోపింగ్ వల్ల పోయాయి. మూడో స్థానంలో వచ్చిన బహ్రెయిన్ రన్నర్ మర్యం యూసుఫ్ జమాల్‌కు స్వర్ణం దక్కింది. నాలుగో స్థానంలో వచ్చి రజతానికి ఎదిగిన రష్యన్ తత్యానా తొమషోవా ఫలితాన్నీ 2024లో రద్దు చేశారు. చివరికి ఆ రాత్రి ఆరో స్థానంలో గీత దాటిన అమెరికన్ షానన్ రోబరీ పన్నెండేళ్ల తర్వాత కాంస్య పతక విజేత అయింది. ఆ ఒలింపిక్స్‌లోనే 800 స్వర్ణం గెలిచిన రష్యన్ మరియా సవినోవా పతకాన్ని 2017లో వెనక్కి తీసుకున్నారు. పతకం ఎప్పటికైనా చేతికి రావచ్చు. పోడియం మీద నిలబడి జాతీయ గీతం వినే క్షణం, ఆ వెంటే వచ్చే స్పాన్సర్లు, ప్రభుత్వ ఉద్యోగాలు, తిరిగిరావు. మోసగాళ్లు దోచింది అదే.

అయినా పతకాల చరిత్రలోనే ఈ ఆట అసలు బలం కనిపిస్తుంది. పొట్టి నిక్కరుతో పరిగెత్తిందని ఛాందసవాదులు బెదిరించినా బెదరక 1992 బార్సిలోనాలో 1500 గెలిచి అల్జీరియాకు తొలి ఒలింపిక్ స్వర్ణం తెచ్చిన హసీబా బూల్మెర్కా ఉంది. 1993లో తీవ్రమైన కాలిన గాయాలతో ఆసుపత్రి పాలై, 1995, 1997ల్లో 800 ప్రపంచ చాంపియన్ అయిన క్యూబా రన్నర్ అనా ఫిదెలియా కిరోట్ ఉంది. 2000 సిడ్నీలో మొజాంబిక్‌కు తొలి ఒలింపిక్ స్వర్ణం సంపాదించిన మరియా ముతోలా ఉంది. ముప్పై నాలుగేళ్ల వయసులో 2004 ఏథెన్స్‌లో 800, 1500 రెండూ గెలిచిన కెల్లీ హోమ్స్ ఉంది. ఇది ఏ ఒక్క సంపన్న దేశం సొత్తూ కాదు.

మూడో అనుమానం: ఆడవాళ్లేనా?

2009 బెర్లిన్. పద్దెనిమిదేళ్ల దక్షిణాఫ్రికా అమ్మాయి కాస్టర్ సెమెన్యా 800 ఫైనల్‌కు సిద్ధమవుతోంది. ఆమెకు లింగ నిర్ధారణ పరీక్ష చేయించమని అంతర్జాతీయ సమాఖ్య కోరిందన్న విషయం రేసుకు కొన్ని గంటల ముందు లోకానికి పొక్కింది. ఆమె 1:55.45తో గెలిచింది. మర్నాటి నుంచి ఆమె పరుగు గురించి మాట్లాడినవాళ్లు తక్కువ.

మూడేళ్ల ముందే ఈ అవమానం మన దేశం చూసింది. తమిళనాడులోని పుదుక్కోట్టై జిల్లాకు చెందిన, ఇటుక బట్టీల్లో పనిచేసే దంపతుల బిడ్డ శాంతి సౌందరరాజన్ 2006 దోహా ఆసియా క్రీడల్లో 800 రజతం గెలిచింది. లింగ నిర్ధారణ పరీక్షలో విఫలమైందంటూ పతకం లాక్కున్నారు. ఆ సంగతి ఊరూవాడా తెలిసిపోయింది. ఆమె ఏ మందూ వాడలేదు, ఏ అబద్ధమూ చెప్పలేదు. పుట్టుకతో వచ్చిన శరీరంతో పరిగెత్తింది.

2014లో ఒడిశా స్ప్రింటర్ ద్యుతీ చంద్‌ను టెస్టోస్టిరాన్ హార్మోన్ నిబంధనల కింద పక్కన పెట్టారు. హైదరాబాద్‌లో కోచ్ నాగపురి రమేష్ దగ్గర శిక్షణ తీసుకున్న ద్యుతీ క్రీడా మధ్యవర్తిత్వ న్యాయస్థానానికి వెళ్లింది. 2015 జులైలో ఆ నిబంధనల అమలు నిలిచిపోయింది. 2018లో సమాఖ్య కొత్త నియమం తెచ్చింది. 400 మీటర్ల నుంచి మైలు దాకా ఉన్న పరుగులకే టెస్టోస్టిరాన్ పరిమితి. ద్యుతీ పరిగెత్తే 100, 200 ఆ జాబితాలో లేవు, సెమెన్యా పరిగెత్తే 800 ఉంది. 2019లో సెమెన్యా కేసు ఓడిపోయింది. 2016 రియోలో ఆమెతో పాటు పోడియం ఎక్కిన బురుండీ రన్నర్ ఫ్రాన్సిన్ నియోన్‌సాబా, కెన్యా రన్నర్ మార్గరెట్ వంబూయి కూడా 800కు దూరమయ్యారు. 2023లో నియమాన్ని అన్ని అంశాలకూ విస్తరించారు. 2025 సెప్టెంబరు నుంచి మహిళల విభాగంలో ప్రపంచ స్థాయి పోటీకి జీవితంలో ఒకసారి ఎస్ఆర్‌వై జన్యు పరీక్ష తప్పనిసరి చేశారు. అదే ఏడాది జులైలో యూరోపియన్ మానవ హక్కుల న్యాయస్థానం స్విట్జర్లాండ్ కోర్టులో సెమెన్యాకు న్యాయమైన విచారణ దక్కలేదని తీర్పు చెప్పింది. నియమం తప్పా ఒప్పా అన్నది మాత్రం ఆ తీర్పు తేల్చలేదు.

ఇక్కడ రెండు హక్కులు ఎదురెదురుగా నిలిచాయి. మహిళలకు విడి విభాగం ఉన్నదే వాళ్ల మధ్య పోటీ న్యాయంగా సాగడం కోసం. రియోలో నాలుగు, ఐదు స్థానాల్లో వచ్చినవారి బాధ అబద్ధం కాదు. అలాగే, పుట్టినప్పటి నుంచి ఆడపిల్లగా పెరిగి, చట్టం దృష్టిలో మహిళ అయిన మనిషిని నువ్వు కాదు పొమ్మనడం చిన్న గాయం కాదు. నా అభిప్రాయం సూటిగా చెబుతాను. విభాగానికి హద్దు ఉండాలి, ఆ హద్దు శాస్త్రం మీద నిలబడాలి. కానీ ఆ పరీక్ష కెరీర్ మొదట్లో, గోప్యంగా, డాక్టరు సలహాతో, అప్పీలు హక్కుతో జరగాలి. పతకం మెడలో పడ్డాక మనిషిని బజారుకీడ్చే హక్కు ఏ సమాఖ్యకూ లేదు. శాంతి విషయంలో జరిగింది ఏ నియమం కిందా సమర్థించుకోలేనిది.

మన దగ్గర

భారత మహిళలకు ఆసియా క్రీడల్లో ఈ పరుగులు అచ్చొచ్చాయి. 1978 బ్యాంకాక్‌లో గీతా జుత్షీ 800 స్వర్ణం, 1998లో అదే నగరంలో జ్యోతిర్మయి సిక్దర్ 800, 1500 స్వర్ణాలు, 2002 బుసాన్‌లో కె.ఎం. బీనామోల్ 800, సునీతా రాణి 1500 స్వర్ణాలు గెలిచారు. సునీత పతకాన్ని డోపింగ్ ఆరోపణతో లాక్కుని, పరీక్షలో లోపాలు తేలాక తిరిగిచ్చారు. 2017లో 1500లో ఆసియా చాంపియన్ అయిన పి.యు. చిత్రకు లండన్ ప్రపంచ చాంపియన్‌షిప్ జట్టులో చోటివ్వలేదు. కేరళ హైకోర్టు చేర్చమని చెప్పేసరికి గడువు దాటిపోయింది. భారం రన్నర్ మీద, తప్పు ఆఫీసుది. ఇక్కడా అదే కథ.

తెలుగు నేలకు ఈ పరుగుతో ఒక మంచి జ్ఞాపకం ఉంది. సునీతా రాణి పేరిట పందొమ్మిదేళ్లుగా ఉన్న 1500 జాతీయ రికార్డు 4:06.03ను పంజాబ్ అమ్మాయి హర్మిలన్ బైన్స్ 2021 సెప్టెంబరులో చెరిపేసింది మన హనుమకొండ స్టేడియంలోనే. టైమింగ్ 4:05.39. తెలంగాణ అమ్మాయి నందిని అగసర 2023 హాంగ్‌ఝౌ ఆసియా క్రీడల్లో కాంస్యం గెలిచిన హెప్టాథ్లాన్‌లో ఏడో అంశం, అన్నింటికన్నా ఒంట్లో సత్తువ లాగేసేది, 800 మీటర్లే. కానీ విడిగా 800, 1500ల్లో ప్రపంచ ఫైనల్ దాకా వెళ్లిన తెలుగు అమ్మాయి ఇంకా రాలేదు. దేశం మొత్తం మీద 800 జాతీయ రికార్డు 2010లో టింటూ లూకా పరిగెత్తిన 1:59.17. టోక్యోలో ఒడీరా టైమింగుకు అది నాలుగున్నర సెకన్లు వెనక. ట్రాక్ మీద దాదాపు ముప్పై మీటర్ల దూరం.

ఆ ముప్పై మీటర్లు శరీరాల్లో లేవు, ఏర్పాట్లలో ఉన్నాయి. మధ్యదూర రన్నర్ తయారవడానికి ఏళ్లు పడుతుంది. పన్నెండు, పదమూడేళ్లకు మొదలుపెట్టి, తొందరపెట్టకుండా, గాయాలు కాకుండా, చదువు చెడకుండా కాపాడే కోచ్ కావాలి. మన స్కూలు మీట్లలో ఆడపిల్లలకు వంద, రెండొందలు పెట్టి, ఎండ ఎక్కువైందనో టైం లేదనో 800, 1500లను చివర్లో ఎత్తేసే అలవాటు ఇంకా పోలేదు. ఆమ్‌స్టర్‌డామ్ పెద్దలు చేసిందీ అదే.

అందుకే ఈ సమీక్ష తీర్పు మూడు మాటల్లో చెప్పవచ్చు. తట్టుకోగలరా అన్న ప్రశ్నకు జవాబు ఎప్పుడో వచ్చేసింది, దాన్ని మళ్లీ ఎవరూ అడగక్కర్లేదు. మందుల మోసాన్ని పట్టుకోవడం సమాఖ్యల పని. పతకం ఆలస్యంగా దక్కినవారికి పోయిన సొమ్మునూ గౌరవాన్నీ పూడ్చాల్సిన బాధ్యత కూడా వాటిదే. విభాగం హద్దు గీసేవాళ్లు ఆ హద్దుకు అవతల పడ్డ మనిషి మర్యాదకు పూచీ పడాలి. ఇక మనవంతు. వ్యాయామ ఉపాధ్యాయులకూ తల్లిదండ్రులకూ నా విన్నపం ఒక్కటే. ఈ ఏడాది మీ స్కూలు మీట్‌లో ఆడపిల్లల 800, 1500 తప్పకుండా పెట్టించండి, ఉదయం ఎండ ముదరకముందే పెట్టించండి, చివరి అమ్మాయి గీత దాటేదాకా నిలబడి చూడండి.